మీ డబ్బాలో ఉన్నది ఏ ప్రహ్లాదుడు?

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ. తాతగారు చిత్తూరు, పుత్తూరు, శ్రీకాళహస్తి చుట్టుపక్కల టూరింగ్ టాకీసు నడిపారు. తిరుపతిలో పాత ఇల్లు సర్దుతుంటే అటక మీద తుప్పుపట్టిన రేకు డబ్బాలు తొమ్మిది దొరికాయి. ఒకదాని మీద ‘భక్త ప్రహ్లాద – 3’ అని రంగుతో రాసి ఉంది. కొన్నింటి నుంచి పుల్లటి వాసన వస్తోంది. ఇది మన తొలి టాకీయేనా, తెలిసిన ఆపరేటరు దగ్గరున్న ప్రొజెక్టరులో వేసి చూడొచ్చా అని అడిగారు.

రెండో దానికి జవాబు ముందు చెప్తాను: వేయొద్దు. ఏ రీలు ఏమిటో తేలేదాకా ఒక్క అడుగు ఫిల్ము కూడా ప్రొజెక్టరులోకి పోకూడదు. మొదటిదానికి డబ్బా మీది పేరు జవాబు చెప్పదు, ఫిల్ము అంచు చెప్తుంది. ఆ పేరుతో తెలుగులో మూడు సినిమాలున్నాయి. పైగా టూరింగ్ డేరాల్లో ఒక సినిమా డబ్బాలో ఇంకో సినిమా రీలు ఉండటం మామూలే.

ముందు ప్రమాదం సంగతి చూద్దాం. ఫిల్ములో రెండు భాగాలుంటాయి: బొమ్మను పట్టి ఉంచే జెలటిన్ పూత, దాన్ని మోసే పారదర్శకమైన పట్టీ. ఈ పట్టీనే బేస్ అంటారు. 1950కి ముందు 35 ఎం.ఎం. సినిమాల బేస్ దాదాపు అంతా నైట్రేట్. అంటే తుపాకిమందుకు దగ్గరి చుట్టమైన నైట్రోసెల్యులోజ్, దాన్ని మెత్తబరచడానికి కలిపిన కర్పూరం. కొడాక్ 1951 ప్రాంతంలో నైట్రేట్ తయారీ ఆపేసింది. ఆ తర్వాత వచ్చింది ఎసిటేట్, అదే ‘సేఫ్టీ’ ఫిల్ము. నైట్రేట్ మండటానికి బయటి గాలి అక్కర్లేదు, తన ఆక్సిజన్ తనలోనే ఉంది. అందుకే ఒకసారి అంటుకుంటే నీళ్లలో ముంచినా, ఇసుక కప్పినా మంట ఆగదు. దాని పొగ ఊపిరితిత్తులకు విషం. బాగా పాడైన నైట్రేట్ ఎక్కువ కాలం వేడిలో ఉంటే సుమారు 40 డిగ్రీల దగ్గరే తనంతట తాను అంటుకోగలదు. మే నెలలో తిరుపతిలో రేకుల కప్పు కింది అటక ఎంత వేడెక్కుతుందో మీకు చెప్పనక్కర్లేదు. కాబట్టి ఈ రోజే డబ్బాలను కిందికి దించండి. వంటగది, దీపం వెలిగే పూజగది, ఇన్వర్టరు బ్యాటరీ ఉన్న మూల, వీటికి దూరంగా, ఎండ తగలని వరండాలోనో కింది అంతస్తులో ఉత్తరపు గదిలోనో పరచండి. ఒకదానిమీద ఒకటి పేర్చకండి, మధ్య జానెడు ఖాళీ వదలండి.

మూత తెరవడంలోనూ జాగ్రత్త కావాలి. తుప్పుపట్టిన మూతను సుత్తితో కొట్టడం, స్క్రూడ్రైవరుతో మీటడం వద్దు. లోపల నైట్రేట్ పొడి అయిపోయి ఉంటే ఆ రాపిడికే అంటుకోవచ్చు. ఆరుబయట నీడలో, రెండు చేతుల బొటనవేళ్లతో చుట్టూ కొంచెం కొంచెంగా నెట్టండి. రాకపోతే వదిలేయండి, ఆ పని తెలిసినవాళ్లు చేస్తారు. నైట్రైల్ గ్లవుజులు, మూతికి మాస్కు తప్పనిసరి. ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూడకండి, మూత తీశాక చేత్తో గాలిని మీవైపు విసురుకుంటే చాలు.

ఆ వాసన సగం సంగతి చెప్తుంది. వెనిగర్ లాంటి పులుపు వస్తే ఎసిటేట్. తేమకు బేస్ విరిగి ఎసిటిక్ ఆమ్లం వదులుతోందన్నమాట. ఇది మంటల ప్రమాదం కాదు గానీ అంటువ్యాధి లాంటిది. ఒక రీలు వదిలిన ఆమ్లం పక్క రీలును కూడా తొందరగా పాడుచేస్తుంది, మూత బిగించి ఉంచితే ఇంకా తొందరగా. అంచుల దగ్గర తెల్లని పొడి కనబడితే అది బూజు కాకపోవచ్చు. బేస్‌ను మెత్తగా ఉంచే రసాయనం బయటికొచ్చి గడ్డకట్టినప్పుడూ అలాగే కనిపిస్తుంది. పాత కర్పూరం వాసన, లేదా ముక్కును పొడిచే ఘాటైన కుళ్లు వాసన వస్తే నైట్రేట్ అనుకుని నడుచుకోండి.

నైట్రేట్ పాడవడంలో అయిదు దశలుంటాయి. మొదట బొమ్మ వెలిసి ఫిల్ము తేనెరంగుకు తిరుగుతుంది. తర్వాత జిగురుపట్టి చుట్లు ఒకదానికొకటి అతుక్కుంటాయి. మూడో దశలో బుడగలు, ఘాటు వాసన. నాలుగులో రీలంతా ముద్దకట్టి పైన నురగ తేలుతుంది. చివరికి గోధుమరంగు పొడి. మొదటి రెండు దశల్లో ఉన్నది పూర్తిగా కాపీ చేయొచ్చు, మూడోదాంట్లో కొంత భాగం దక్కుతుంది. నాలుగు, అయిదు కనిపిస్తే దాన్ని కదిలించకండి. పొడి ఎండిపోకుండా నీళ్లతో తడిపి, మనుషులు మసలని చోట ఉంచి, అగ్నిమాపక దళం నంబరు 101కి ఫోన్ చేసి ‘పాత నైట్రేట్ సినిమా ఫిల్ము’ అని స్పష్టంగా చెప్పండి. చెత్తబండిలో వేయడం, పెరట్లో కాల్చడం రెండూ ప్రాణాంతకం. ఏ దశలో ఉన్నా చిన్న ముక్క కత్తిరించి కాల్చి చూసే పరీక్ష మాత్రం ఇంట్లో చేయకండి. అలా చూడమని చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు కాబట్టి ప్రత్యేకంగా చెప్తున్నాను.

ఇక అంచు చదవడం. రీలు మొదట్లోని రెండు మూడు అడుగులు మాత్రం మెల్లగా వదులు చేయండి. అతుక్కున్నట్టు అనిపిస్తే ఆపేయండి. వేడెక్కే బల్బు వద్దు. ఫోను తెర పూర్తి తెలుపు చేసి, ఫిల్మును దానికి ఒక సెంటీమీటరు పైన పట్టుకుని, ఇంకో ఫోనుతో ఫొటో తీయండి. తెరకు ఆనిస్తే ఫిల్ము గీసుకుపోతుంది, తెర చుక్కలు కూడా ఫొటోలో పడతాయి.

ముందు వెడల్పు కొలవండి. 16 మిల్లీమీటర్లుంటే ఊపిరి పీల్చుకోండి. 16 ఎం.ఎం. మొదటినుంచీ సేఫ్టీ బేస్ మీదే తయారైంది. ఊళ్లలో ఆడటానికి పౌరాణికాలను ఆ సైజులోకి తగ్గించి ప్రింట్లు వేసేవారు, మీ తొమ్మిదిలో అవి ఉండే అవకాశం బాగా ఉంది. 35 ఉంటే చిల్లుల బయట అంచులో ‘సేఫ్టీ’ అనో ‘నైట్రేట్’ అనో ఇంగ్లీషు అక్షరాలు వెతకండి. ఇక్కడే చాలామంది పొరపడతారు. నలుపు–తెలుపు ప్రింటులో తెల్లటి అంచు మీద నల్లటి అక్షరాలుంటే అవి ఆ ఫిల్ముకే చెందినవి. నల్లటి అంచు మీద తెల్లటి అక్షరాలుంటే అవి నెగెటివు నుంచి ప్రింటులోకి దిగినవి. నైట్రేట్ నెగెటివు నుంచి 1950ల్లో సేఫ్టీ ఫిల్ము మీద వేసిన ప్రింటులో ‘నైట్రేట్’ అని తెల్లగా కనిపించవచ్చు, అప్పుడు మీ చేతిలో ఉన్నది నైట్రేట్ కాదు. దీనికి తలకిందులుగా కూడా జరగొచ్చు. రెండు రకాల అక్షరాలూ కనిపిస్తే నల్లవాటినే నమ్మండి.

కొడాక్ ఫిల్మయితే ఆ అక్షరాల పక్కన చిన్న గుండ్రం, చదరం, త్రికోణం గుర్తులుంటాయి. అవి ముడి ఫిల్ము తయారైన సంవత్సరం. మామూలుగా 20 ఏళ్లకొకసారి అవే గుర్తులు తిరిగొస్తాయి, కాబట్టి ఒకే గుర్తు 1922, 1942, 1962 మూడింటికీ సరిపోవచ్చు. ఏ దేశపు ఫ్యాక్టరీ అన్నదాన్నిబట్టి పట్టిక కొంత మారుతుంది కూడా. అందుకే గుర్తును ఒంటరిగా నమ్మకుండా బేస్‌తో కలిపి చదవాలి. ఒక సంగతి మరిచిపోకండి: అది ప్రింటు వయసు చెప్తుంది, సినిమా వయసు కాదు.

ఇప్పుడు ప్రహ్లాదుల దగ్గరికి వద్దాం. మొదటిది హెచ్.ఎం. రెడ్డిగారు బొంబాయిలో తీసింది, 1932. సురభి వారి నాటకమే దానికి ఆధారం, సురభి కమలాబాయి అందులో నటించారు. రెండోది చిత్రపు నారాయణమూర్తిగారి దర్శకత్వంలో 1942లో వచ్చింది. మూడోది ఆయనే ఎ.వి.ఎం. వారికి 1967లో తీసిన రంగుల సినిమా. ఎస్.వి. రంగారావుగారి హిరణ్యకశిపుడు, రోజారమణి ప్రహ్లాదుడు అందులోనే. మీ రీల్లో బొమ్మ రంగుల్లో ఉంటే, లేదా అంతా గులాబీరంగుకు తిరిగి ఉంటే, మూడోదే అని దాదాపు ఖాయం చేసుకోవచ్చు. ఆనాటి ఈస్ట్‌మన్ కలర్ ప్రింట్లలో నీలం, పసుపు ముందు వెలిసిపోయి ఎరుపు మిగులుతుంది. నలుపు–తెలుపు, నైట్రేట్, బొమ్మ పక్కన సౌండ్ ట్రాక్ (శబ్దాన్ని ముద్రించిన సన్నని పట్టీ) ఉంటే 1942ది కావడానికే ఎక్కువ అవకాశం.

1932 నాటి ప్రింటు ఇప్పటిదాకా ఎక్కడా దొరకలేదు. అందుకే ఆశ పెట్టుకోవద్దు అనను గానీ, కొలతలు చూశాకే ఆశపడండి. తొలి టాకీల రోజుల్లో సౌండ్ ట్రాక్‌కు చోటు ఇవ్వడానికి బొమ్మ వెడల్పు తగ్గించారు, ఎత్తు తగ్గించలేదు. అందుకని ఫ్రేము దాదాపు చదరంగా కనిపిస్తుంది. తర్వాత స్థిరపడిన కొలతలో బొమ్మ సుమారు 22 మిల్లీమీటర్ల వెడల్పు, 16 ఎత్తు. ఫ్రేముకు ఫ్రేముకు మధ్య మందమైన నల్ల గీత ఉంటుంది. చదరపు ఫ్రేము, నైట్రేట్ బేస్, ప్రహ్లాదుడి కథ, ఈ మూడూ కలిస్తే ఇక ఆ రీలును మీరు కూడా ముట్టుకోకుండా నిపుణుల కోసం ఆగండి.

పుల్లటి వాసన వచ్చింది కాబట్టి అది పాత సినిమా కాదని తీసిపారేయొద్దు. పాత పౌరాణికాలను మళ్లీ విడుదల చేసినప్పుడు సేఫ్టీ ఫిల్ము మీద కొత్త ప్రింట్లు వేసేవారు. అసలు నెగెటివు నాశనమైపోయిన సినిమాకు అలాంటి రెండో విడుదల ప్రింటే మిగిలిన ఏకైక ఆధారం కావచ్చు. ఎసిటేట్ మీద 1930ల నాటి ముఖాలు కనిపిస్తే దాని విలువ నైట్రేట్ కన్నా ఏమాత్రం తక్కువ కాదు.

సౌండ్ ట్రాక్ లేకపోతే? బొమ్మ ఒకవైపు చిల్లుల నుంచి ఇంకోవైపు చిల్లుల దాకా, సుమారు 25 మిల్లీమీటర్ల వెడల్పున నిండి, ఫ్రేముల మధ్య గీత సన్నగా ఉంటే అది మూకీ కావచ్చు. ప్రింటు మొత్తం ఒకే లేత రంగులో, నీలమో పసుపో, అద్దినట్టు ఉండటం ఇంకో గుర్తు. టైటిల్ కార్డు మీద ఏయే భాషలున్నాయో తప్పకుండా ఫొటో తీయండి. చిత్తూరు ప్రాంతానికి ఇది అసాధ్యమైన ఆశ కాదు, భూగోళం చూస్తే అర్థమవుతుంది. దక్షిణాదిలో మొదటి కథాచిత్రం ‘కీచక వధం’ తీసిన ఆర్. నటరాజ మొదలియార్ మీకు పక్కనున్న వెల్లూరు మనిషి. మోటారు కార్ల వ్యాపారం చేసుకుంటూ, లార్డ్ కర్జన్ మీద చిత్రం తీస్తున్న స్టీవర్ట్ స్మిత్ దగ్గర పూనాలో కెమెరా నేర్చుకుని, మద్రాసు వచ్చి కంపెనీ పెట్టారు. మన రఘుపతి వెంకయ్యనాయుడుగారు మచిలీపట్నంలో పుట్టి, మద్రాసులో ఫొటో స్టూడియో నడుపుతూ, 1910 ప్రాంతంలో క్రోనోమెగాఫోన్ కొన్నారు. గ్రామఫోను పళ్లేన్ని బొమ్మతో కలిపి నడిపే యంత్రం అది. దాంతో ఊరూరా డేరాలు వేశారు, తర్వాత మద్రాసులో గెయిటీ థియేటరు కట్టారు. కొడుకు ప్రకాష్‌ను సినిమా నేర్చుకోవడానికి విదేశాలకు పంపారు. ఆ ప్రకాష్‌గారే 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ తీశారు. తర్వాత ‘సతీ సావిత్రి’, 1934 ‘లవకుశ’ తీసిన సి. పుల్లయ్యగారు ఆయన దగ్గర పనిచేసినవారే.

వీళ్లు తీసిన మూకీల్లో ఒక్కటీ మిగల్లేదు. దక్షిణాది మూకీ కథాచిత్రాల్లో దక్కిందల్లా మలయాళ కథ ‘మార్తాండ వర్మ’ మాత్రమే, అది పుణేలో ఉంది. మిగతావి ఎందుకు పోయాయో తెలిస్తే మీ డబ్బాల విలువ తెలుస్తుంది. సినిమా ఆడటం అయిపోగానే ప్రింటుకు వ్యాపార విలువ సున్నా, కానీ నలుపు–తెలుపు ఫిల్ములో బొమ్మ అంటే వెండి. వెండి తీసేవాళ్లు కిలోల లెక్కన కొనుక్కుని జెలటిన్ కడిగేశారు. మిగిలినవాటిని మన ఎండ, తేమ తిన్నాయి. టూరింగ్ టాకీసు అటకల మీద మరిచిపోయినవే ఆ కడుగుడు తప్పించుకున్నాయి.

చిత్తూరు జిల్లా గురించి ఇంకో మాట. 1911లో జిల్లా ఏర్పడినప్పటి నుంచి 1953 దాకా ఇది మద్రాసు ప్రాంతమే, సినిమా వ్యాపారమంతా మద్రాసు నుంచే. 1960 దాకా తిరుత్తణి కూడా ఈ జిల్లాలోనే ఉండేది. కాబట్టి మీ తొమ్మిది డబ్బాల్లో తమిళ సినిమాలుంటే ఆశ్చర్యపోవద్దు, నిరాశ అసలే వద్దు. తమిళంలో పోయిన తొలి సినిమాల జాబితా కూడా మనదంత పొడవే. ఒకవేళ చిత్తూరు వి. నాగయ్యగారి ముఖం కనిపిస్తే, చిత్తూరు రామవిలాస సభ నాటకాల నుంచి సినిమాకు వెళ్లిన ఆయన మొదటి చిత్రం ‘గృహలక్ష్మి’ 1938లో వచ్చిందని గుర్తుపెట్టుకోండి. అక్కడినుంచి ‘త్యాగయ్య’ (1946) దాకా అన్నీ నైట్రేట్ కాలపు సినిమాలే.

ప్రొజెక్టరు ఎందుకు వద్దంటున్నానో ఇప్పుడు కొలతతో చూపిస్తాను. 35 ఎం.ఎం. ఫిల్ములో ఫ్రేముకు నాలుగు చిల్లులు, అడుగుకు 16 ఫ్రేములు, అంటే అడుగుకు 64 చిల్లులు. ఒక చిల్లు పై అంచు నుంచి 65వ చిల్లు పై అంచు దాకా స్టీలు స్కేలుతో కొలవండి. కొత్త ఫిల్మయితే 304 మిల్లీమీటర్లు రావాలి. 301 దగ్గర వస్తే ఒక శాతం కుంచించుకుపోయిందన్నమాట. ఆ స్థితిలో ఫిల్మును లాగే స్ప్రాకెట్ పళ్లు చిల్లుల్లో సరిగా కూర్చోవు, చిల్లులు చిరగొచ్చు. నైట్రేట్ అయితే ఇంకా ఘోరం: చిరిగి గేటులో (ఫిల్ము దీపం ముందు నుంచి సాగే చోట) ఆగిన ఫ్రేము మీద దీపం వేడి పడితే క్షణాల్లో అంటుకుని మంట రెండు రీళ్లకూ పాకుతుంది. ఆపరేటరు గారు ఎంత అనుభవమున్నవారైనా అది ఆయన చేతిలో ఉండదు. పాతరోజుల అలవాటుతో పెట్రోలుతో తుడవడం, విరిగినచోట ఫిల్ము సిమెంటుతో అతకడం, కొబ్బరినూనె రాయడం, డబ్బాలో నాఫ్తలీన్ ఉండలు వేయడం కూడా వద్దని ఆయనకు మర్యాదగా చెప్పండి.

నిడివి తెలుసుకోవాలంటే రీలు విప్పక్కర్లేదు. నిండుగా చుట్టిన వెయ్యి అడుగుల రీలు సుమారు పది అంగుళాల అడ్డకొలత ఉంటుంది. టాకీ వేగంలో నిమిషానికి 90 అడుగులు, అంటే పదకొండు నిమిషాలు. మూకీని 16 ఫ్రేముల వేగంతో నడిపితే అదే రీలు పదహారు నిమిషాలు దాటుతుంది. డబ్బా మీది ‘3’ మూడో రీలని అర్థం. పేర్లు, సెన్సారు సర్టిఫికెట్టు ఒకటో రీలు మొదట్లో ఉంటాయి, కాబట్టి ‘1’ అని రాసిన డబ్బా ఉంటే దాన్ని ముందు చూడండి. సర్టిఫికెట్టు మీద సెంట్రల్ బోర్డు పేరుంటే ఆ ప్రింటు 1951 తర్వాతిది. అంతకుముందు సర్టిఫికెట్లు మద్రాసు, బొంబాయి, కలకత్తా బోర్డులిచ్చేవి.

ఉంచే పద్ధతి: పుల్లటివి ఒక గదిలో, మిగతావి ఇంకో గదిలో. డబ్బాలు పడుకోబెట్టే ఉంచాలి, నిలబెడితే చుట్లు జారి వంగిపోతాయి. ప్లాస్టిక్ కవర్లో కట్టి బిగించొద్దు, ఆమ్లం బయటికి పోవాలి. ఫ్రిజ్‌లో పెట్టొద్దు, తీసి బయట పెట్టగానే నీరు పడుతుంది. ఏసీ గది ఉంటే ఎసిటేట్ వాటికి రాత్రీపగలూ ఒకే చల్లదనం ఇవ్వండి. పగలు వేసి రాత్రి ఆపడం కన్నా అసలు వేయకపోవడం నయం.

అప్పగించడానికి సరైన చోటు పుణేలోని జాతీయ ఫిల్ము ఆర్కైవు. 1964లో మొదలైంది, ఇప్పుడు జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్.ఎఫ్.డి.సి.) కింద ఉంది. ముందు ఉత్తరమో మెయిలో రాయండి: ఎన్ని డబ్బాలు, ఒక్కోటి వెడల్పు, బేస్ గురించి మీ అంచనా, వాసన, 64 చిల్లుల కొలత, అంచు గుర్తు ఫొటో, రెండు మూడు ఫ్రేముల ఫొటోలు. ఇవి చూస్తే వాళ్లకు ఏది అత్యవసరమో వెంటనే తెలుస్తుంది. నైట్రేట్ అనుమానమున్నదాన్ని కొరియరులో, రైల్లో, బస్సు డిక్కీలో పంపకండి, ఎలా తరలించాలో వాళ్లనే అడగండి. శాశ్వతంగా ఇస్తున్నారా, హక్కు మీ దగ్గరే ఉంచుకుని భద్రపరచడానికి ఇస్తున్నారా అన్నది కాగితం మీద రాయించుకోండి. స్కాన్ చేశాక మీకు ఒక కాపీ ఇవ్వాలన్న షరతు కూడా అందులోనే ఉండాలి. వస్తువు మీదైనంత మాత్రాన సినిమా హక్కు మీది కాదు. సినిమాకు కాపీహక్కు విడుదలైన మరుసటి సంవత్సరం నుంచి 60 ఏళ్లు, అందుకే 1932, 1942 ప్రహ్లాదులకు అది ముగిసింది, 1967 దానికి ఇంకా ఉంది.

డబ్బాలతోపాటు తాతగారి షో రిజిస్టరు, డిస్ట్రిబ్యూటర్ల రసీదులు, పాటల పుస్తకాలు ఏవైనా ఉన్నాయేమో అటక మళ్లీ వెతకండి. తొలి తెలుగు టాకీ 1931 సెప్టెంబరు 15న విడుదలైందని దశాబ్దాలపాటు అందరం రాసుకున్నాం. పాత్రికేయుడు రెంటాల జయదేవగారు ఆనాటి పత్రికలు, సెన్సారు వివరాలు తిరగేసి అది 1932 ఫిబ్రవరి 6 అని తేల్చారు. మన సినిమా చరిత్రలో తప్పులు దిద్దుకున్నది అలాంటి కాగితాలతోనే. ఏ ఊళ్లో ఏ సినిమా ఏ తేదీన ఆడింది, ఎన్ని అడుగులు వచ్చింది, నేల టిక్కెట్టు ఎంత అన్నది రాసిన రిజిస్టరు మన జిల్లాలో దొరికితే, డబ్బాలో ఉన్నది రంగుల ప్రహ్లాదుడే అని తేలినా సరే, ఆ పేజీలు ఒక్కొక్కటీ పగటి వెలుతురులో, పక్కన స్కేలు పెట్టి ఫొటో తీయండి. పిన్నులు తుప్పుపట్టి ఉంటాయి, వాటిని లాగకండి. చెదలు పట్టిన పుటలను విడదీయకుండా అలాగే తీయండి.